పాదరసం, బుధుడు, ఒక విశేషణం

కొన్నేళ్ళ కిందట నాతో పనిచేసే ఒక తెలుగు అమ్మాయి పదోన్నతి కోసం సిఫారసు ఉత్తరం రాయవలసి వచ్చింది. ఆమె పనితీరు చూసినప్పుడల్లా నా మనసులో మెదిలిన మాట ‘పాదరసం’. సమస్యను మనం సగం వివరించేలోపే ఆమె రెండో వైపు నుంచి దాని లోపలికి వెళ్ళి ఉండేది. మా అమ్మ చూసి ఉంటే ‘పిల్ల పాదరసంలా ఉందిరా’ అనేది. ఆ మాటకు సరిపోయే ఇంగ్లీషు విశేషణం ఒకటి సిద్ధంగా ఉందని నాకు తోచింది. ‘మెర్క్యూరియల్’ అని రాసి, తగిన మాట దొరికిన తృప్తితో ఉత్తరం పంపించాను. వారం తరవాత ఎంపిక సంఘంలోని ఒకావిడ ఫోన్ చేశారు. ఎంతో మర్యాదగా, “ఆ మాటను మీరు హెచ్చరికగా వాడారా?” అని అడిగారు.

కాదు, పొగడ్తగానే వాడానని వివరించాను. ఆవిడ విన్నారు, కృతజ్ఞతలు చెప్పారు. ఆ ఏడాది ఆ పదవి మరొకరికి వెళ్ళింది. ఇటువంటి నిర్ణయాలకు కారణాలు చెప్పరు, నేనూ అడగలేదు. కానీ జరిగింది దాచడం న్యాయం కాదనిపించి ఆమెకు చెప్పాను. ఉత్తరం నకలు ఆమె దగ్గర ముందునుంచే ఉంది. “అదేమిటండీ, మీరు మెచ్చుకున్నారనే నేనూ అనుకున్నాను. మా నాన్నగారికి కూడా చదివి వినిపించాను,” అంది. అప్పుడు నాకు కాస్త ఊరట, అంతకంటే ఎక్కువ ఆశ్చర్యం కలిగాయి. రాసినవాడు, చదివిన అమ్మాయి, విన్న తండ్రి, ముగ్గురూ తెలుగువాళ్ళే. ముగ్గురికీ ఆ మాట ఒకే విధంగా, అంటే పొరపాటుగా, అర్థమైంది. ఆ పొరపాటు మూలం వెతుకుతూ పోగా తేలిన సంగతులు ఈ వ్యాసంలో కొన్ని చెబుతాను.

ఈ విశేషణం నేటి ఇంగ్లీషులో ప్రధానంగా స్వభావాన్ని గురించి చెబుతుంది. పొద్దున ఉత్సాహంగా ఉండి మధ్యాహ్నానికి కారణం తెలియకుండానే ముభావంగా మారే యజమాని, ఒక రోజు అద్భుతంగా ఆడి మర్నాడు చేతులెత్తేసే ఆటగాడు, ప్రతిభకు లోటు లేకపోయినా ఎప్పుడేం చేస్తాడో చెప్పలేని దర్శకుడు, వీళ్ళందరికీ ఇది తగులుతుంది. క్రికెట్ వ్యాసాల్లోనైతే పాకిస్తాన్ జట్టుకు ఇది దాదాపు ఇంటిపేరులా స్థిరపడిపోయింది. ఈ వాడుకలన్నింటిలోనూ ప్రతిభ ఉందన్న ఒప్పుకోలు ఒక పొరగా ఉంటుంది. అందుకే ఇది శుద్ధమైన తిట్టు కాదు. దాని పైపొర మాత్రం ‘నమ్ముకోవడం కష్టం’ అన్న భావమే. ఉద్యోగానికి సంబంధించిన ఉత్తరంలో చదివేవాళ్ళ కంటికి మొదట ఆనేది పైపొరే.

మార్పును సూచించే ఇంగ్లీషు విశేషణాలు ఇంకా ఉన్నాయి. వాటి పుట్టుపూర్వోత్తరాలు చూస్తే దేనికదే వేరు కొలతలో పుట్టిందని తెలుస్తుంది. ‘ఫికిల్’ అన్న మాటకు ప్రాచీనాంగ్లంలో మోసకారి అని అర్థం. ఆ వాసన ఇప్పటికీ పోలేదు. ప్రేమలోనో స్నేహంలోనో నిలవనివాళ్ళను అంటాం. ‘కాప్రిషస్’ ఇటాలియన్ నుంచి వచ్చింది, తలవెంట్రుకలు ముళ్ళలా నిక్కబొడుచుకోవడం దాని మూలార్థం. తరవాత ఎవరికో మేక గెంతులు కూడా గుర్తొచ్చి ఆ అర్థమూ కలిసింది. ‘వాలటైల్’ అంటే లాటిన్‌లో ఎగిరేది. ‘ప్రోటియన్’ రూపాలు మార్చే సముద్రదేవత పేరునుంచి వచ్చింది, అది మెప్పుకోలే. మనం చూస్తున్న మాటకు మాత్రం ఒక్క మూలం కాదు, మూడున్నాయి: ఒక దేవుడు, ఒక గ్రహం, ఒక లోహం. మూడింటికీ ఒకటే పేరు. ఏ కాలంలో ఏ మూలం పైకొస్తే ఆ కాలంలో మాటకు ఆ అర్థం వచ్చింది.

దేవుడితో మొదలుపెడదాం. రోమన్ల మెర్కురియస్ వర్తకుల దేవుడు. సరుకు అనే అర్థమున్న లాటిన్ ధాతువుతో ఆ పేరుకు సంబంధం ఉందని సాధారణంగా చెబుతారు. మర్చంట్, కామర్స్, మార్కెట్ అన్న మాటలూ ఆ కుదురువే. క్రీ.పూ. 495లో రోమ్‌లో అతని గుడి ప్రతిష్ఠ జరిగిందని లివీ రాశాడు. ఓవిడ్ తన ‘ఫాస్టి’ కావ్యంలో ఒక సరదా సంగతి చెబుతాడు. మే నెలలో ఈ దేవుడి పండగనాడు వర్తకులు కపేనా ద్వారం దగ్గర ఉన్న నీటిని తెచ్చి సరుకుల మీద, తమ తలల మీద చల్లుకొని, గడిచిన కాలంలో ఆడిన అబద్ధాలను మన్నించమని ప్రార్థించేవారట. అంతటితో ఆగకుండా, ముందు ముందు ఆడబోయే అబద్ధాలకు కూడా అనుమతి అడిగేవారట. తూకం తెలిసిన దేవుడు!

గ్రీకుల హెర్మీస్ కథలన్నీ ఇతనికి సంక్రమించాయి. హెర్మీస్ ఉదయం పుట్టి, మధ్యాహ్నానికి తాబేలు చిప్పతో వీణ చేసి వాయించి, సాయంత్రానికి అన్నగారైన అపోలో ఆవుల మందను దొంగిలించాడు. వాక్చాతుర్యం, వేగం, సంగీతం, దొంగతనం, దారి చూపడం ఇవన్నీ అతని శాఖలే. లాటిన్‌లో ‘మెర్కురియాలిస్’ అన్న విశేషణం ఈ దేవుడికి చెందినవాళ్ళు అన్న అర్థంలో పుట్టింది. వర్తకుల సంఘం పేరు అదే. హొరేస్ ఒక గీతంలో కవులను ఆ మాటతోనే పిలిచాడు. అంటే ఈ విశేషణం మొదట నిలకడలేని మనుషుల గురించి కాదు. నోరున్న మనుషుల గురించి.

గ్రహం సంగతి మరింత ఆసక్తికరం. బుధగ్రహం సూర్యుడి చుట్టూ 88 రోజుల్లో తిరిగివస్తుంది. సూర్యుడికి ఇరవయ్యెనిమిది డిగ్రీలకు మించి దూరం పోదు కాబట్టి తెల్లవారుజామునో, సంధ్యవేళనో కాసేపు కనిపించి మాయమవుతుంది. ప్రాచీన గ్రీకులు ఒక దశలో ఉదయం కనిపించేదాన్ని ఒక పేరుతో, సాయంత్రం కనిపించేదాన్ని మరో పేరుతో పిలిచారు. బాబిలోనియన్లు దీన్ని లేఖక దేవుడైన నబూకు అప్పగించారు. రెండో శతాబ్దపు టాలెమీ తన జ్యోతిష గ్రంథంలో మిగతా గ్రహాలను శుభులు, పాపులుగా విడదీసి, సూర్యుణ్ణి, దీన్ని మాత్రం ఎటూ చేర్చలేదు. ఏ గ్రహంతో కలిస్తే ఆ గుణం తెచ్చుకుంటుందని చెప్పాడు. తడి, పొడి గుణాల మధ్య కూడా ఇది త్వరత్వరగా మారుతుందన్నాడు.

జాతకాలతో పరిచయమున్న తెలుగువాళ్ళకు ఇది ఎక్కడో విన్నట్టుంటుంది. ఆరో శతాబ్దంలో వరాహమిహిరుడు బృహజ్జాతకంలో బుధుణ్ణి పాపగ్రహాలతో కలిసినప్పుడు పాపిగా లెక్కించాడు, నపుంసక గ్రహమన్నాడు, వాత పిత్త కఫాలు మూడూ కలిసిన ప్రకృతి అన్నాడు, శ్లేషతో కూడిన మాట అతనిదన్నాడు. వరాహమిహిరుడు యవనుల జ్యోతిషాన్ని గౌరవంతో పేర్కొన్నవాడు, ‘హోర’ అన్న మాటే గ్రీకు మాట. కాబట్టి ఈ పోలిక కాకతాళీయం కాదు. వారాల పేర్లూ ఆ దారినే వచ్చాయి. ఫ్రెంచివాళ్ళ మెర్‌క్రెది, స్పెయిన్‌వాళ్ళ మియెర్కొలెస్, మన బుధవారం ఒకే రోజు, ఒకే గ్రహం. ఇంగ్లీషు వెన్స్‌డే మాత్రం వోడెన్ పేరు మీద ఉంది. రోమన్లు జర్మన్ జాతుల వోడెన్‌ను తమ మెర్కురియస్‌తో సమానం చేసినందువల్ల అక్కడా అదే దేవుడు మారువేషంలో ఉన్నాడు.

అయితే పేరు దగ్గర మనం వేరే దారి పట్టాం. బుధుడంటే తెలిసినవాడు. బుధజనులంటే పండితులు. అతని పుట్టుక కథ వివాదాస్పదమే: బృహస్పతి భార్య తారకూ చంద్రుడికీ పుట్టినవాడు. అతని భార్య ఇల ఒక నెల స్త్రీగా, ఒక నెల పురుషుడిగా గడిపినట్టు రామాయణం ఉత్తరకాండ చెబుతుంది. మార్పు అన్నది ఆ ఇంటి గడప దాటలేదు. అయినా బుధుడి పేరు మీద మన భాషల్లో చాంచల్యాన్ని చెప్పే విశేషణం పుట్టలేదు. ‘బుధ’ అని మొదలయ్యే సమాసం ఏది చూసినా చదువు వైపే మొగ్గుతుంది. గ్రహం లక్షణాలు రెండుచోట్లా దాదాపు ఒకటే అయినా, ఒక భాష వాటిలో తెలివిని తీసుకుంది, ఇంకో భాష చివరికి చాపల్యాన్ని తీసుకుంది. చివరికి అని ఎందుకంటున్నానంటే, ఇంగ్లీషులో కూడా మొదట్లో తెలివే ముందుంది. పద్నాలుగో శతాబ్దం చివర చాసర్ సృష్టించిన బాత్ నగరపు గృహిణి, పుస్తకాలు రాసే పండితులందరూ ఈ గ్రహం బిడ్డలని, ఆడవాళ్ళు శుక్రుడి బిడ్డలని, అందుకే వాళ్ళు తమ గురించి మంచిగా రాయరని వాదిస్తుంది.

ఇక లోహం. నా చిన్నతనంలో ఇంట్లో థర్మామీటరు పగిలితే పెద్దవాళ్ళు కోప్పడేలోపు పిల్లలందరం నేల మీద చేరేవాళ్ళం. వేలితో తాకితే ఒక పూస పదిగా చీలి పరిగెత్తేది. రెండు పూసలు దగ్గరికి తోస్తే చప్పుడు లేకుండా ఒకటయ్యేవి. అది విషమని ఎవరికీ పట్టింపు లేదు. మామూలు వేడిలో ద్రవంగా ఉండే లోహం ఇదొక్కటే అనవచ్చు. ఇది గడ్డకట్టాలంటే దాదాపు మైనస్ 39 డిగ్రీల సెల్సియస్ చలి కావాలి. నీటికంటే 13 రెట్లకు పైగా బరువు, అయినా నీటికంటే చురుకు. గ్రీకులు నీటివెండి అన్నారు, దాని రసాయన సంకేతం హెచ్‌జీ ఆ మాటనుంచే. లాటిన్‌లో ప్రాణమున్న వెండి అన్నారు. ఇంగ్లీషులో క్విక్‌సిల్వర్ అన్నదీ అదే, ఎందుకంటే పాత ఇంగ్లీషులో ‘క్విక్’ అంటే వేగంగా అని కాదు, సజీవంగా అని.

ఏడు గ్రహాలకు ఏడు లోహాలను ముడిపెట్టడం ప్రాచీనుల అలవాటు. సూర్యుడికి బంగారం, చంద్రుడికి వెండి, కుజుడికి ఇనుము. తొలి జాబితాల్లో మెర్కురియస్ గ్రహానికి తగరం వంటివి దక్కాయి. పాదరసం ఆ స్థానంలో కుదురుకున్నది ఆ తరవాతనే. చాసర్ నాటికి రసవాదుల పరిభాషలో అది స్థిరపడింది. చిత్రమేమిటంటే, మిగిలిన ఆరు లోహాలూ గ్రహాల పేర్లు వదిలేసి పాత పేర్లతోనే మిగిలాయి. ఇది మాత్రం గ్రహం పేరును పట్టుకొని ఈనాటి ఆవర్తన పట్టికదాకా వచ్చింది. నిలకడలేని లోహం నిలకడగా ఉన్నది ఈ ఒక్క విషయంలోనే.

పదహారో శతాబ్దంలో పారసెల్సస్ సమస్త పదార్థాలకూ ఉప్పు, గంధకం, పాదరసం అన్న మూడు మూలతత్త్వాలను ప్రతిపాదించాడు. అందులో పాదరసం ఆవిరయ్యేది, ఎగిరేది. మనిషి శరీరమూ ఈ మూడింటితోనే అయిందన్నాడు కాబట్టి స్వభావాన్ని లోహం భాషలో మాట్లాడటానికి తలుపు తెరుచుకుంది. దాదాపు ఆ కాలంలోనే, పదహారో శతాబ్దం చివర, పదిహేడో శతాబ్దంలో, మెర్క్యూరియల్ అన్నది ఇంగ్లీషులో మనుషుల చురుకుదనాన్ని చెప్పే మాటగా వ్యాపించింది. వాక్చాతుర్యం, కొంత చేతివాటం కూడా అందులో ఉన్నాయి. షేక్స్‌పియర్ ‘వింటర్స్ టేల్’ నాటకంలోని జేబుదొంగ ఆటోలికస్ తాను ఆ గ్రహబలంతో పుట్టినవాణ్ణని గొప్పగా చెప్పుకుంటాడు. 1640ల్లో ఇంగ్లండు అంతర్యుద్ధం జరుగుతున్నప్పుడు వార్తాపత్రికలకు వరసగా ‘మెర్కురియస్’ అన్న పేరే పెట్టారు. రాజపక్షం పత్రిక ‘మెర్కురియస్ ఆలికస్’ 1643లో మొదలైంది. వాటిని వీధుల్లో అమ్మే ఆడవాళ్ళను కూడా మెర్క్యురీలనే అన్నారు. వేగంగా వచ్చే వార్త, సగం నమ్మదగిన వార్త: పేరు సరిగ్గానే పెట్టారు.

పద్దెనిమిదో శతాబ్దంలో ఈ మాట మంచిరోజులు చూసింది. 1755లో వచ్చిన జాన్సన్ నిఘంటువు ఈ విశేషణానికి చురుకైన, ఉల్లాసవంతమైన అన్న అర్థాలనే ఇచ్చింది. పాదరసంతో కూడిన అన్నది రెండో అర్థం. చాంచల్యం ఊసు లేదు. నాలుగేళ్ళ తరవాత లారెన్స్ స్టెర్న్ ‘ట్రిస్ట్రమ్ షాండీ’ నవలలో యోరిక్ అనే మతగురువును వర్ణిస్తూ ఈ మాటను రసవాదుల మరో పారిభాషిక పదంతో జతచేసి వాడాడు. నవ్వు, చమత్కారం, ప్రాణం నిండిన మనిషి యోరిక్. అతనికి లేనిది లౌక్యం. ఆ లోటువల్లే దెబ్బతింటాడు, కాని రచయితకు అతనంటే ఎంత ఇష్టమో పుట పుటకూ తెలుస్తుంది. నేను రాసిన సిఫారసు ఉత్తరం జాన్సన్ కాలంలో అంది ఉంటే ఫోన్ వచ్చేది కాదు. ఫోనూ లేదనుకోండి.

మరి ఆ తరవాత ఏమైంది? చురుకుదనం ఎప్పుడు నిలకడలేమి అయింది? నిజానికి రెండో అర్థం మొదటిదానికి అంటుకొనే ఉంది, పక్కకు జరగడమే జరిగింది. ఈ జరగడంలో రసవాదుల కంటే పరికరాలు తయారుచేసినవాళ్ళకు ఎక్కువ పాత్ర ఉందని నా ఊహ. 1643లో టోరిచెల్లీ పాదరసంతో వాయుభారమాపకం చేశాడు. 1714లో ఫారన్‌హీట్ పాదరసపు ఉష్ణమాపకం చేశాడు. పద్దెనిమిదో శతాబ్దంలో కలిగిన ఇంగ్లీషువాళ్ళ ఇళ్ళల్లో భారమాపకం గోడ మీద గృహాలంకారమైంది. దాని ఫలకం మీద ఒక కొసన తుఫాను, ఇంకో కొసన మంచి వాతావరణం, నట్టనడుమ ఇరవైతొమ్మిదిన్నర అంగుళాల దగ్గర ‘మార్పు’ అని రాసి ఉండేది. రసవాది కొలిమిలోని పాదరసాన్ని చూసినవాళ్ళు కొద్దిమంది. గోడ మీద పాదరసం పైకీ కిందికీ దిగడాన్ని రోజూ పొద్దున చూసినవాళ్ళు వేలమంది. ఆ తరవాత ఆ లోహం పేరు వింటే పరుగు కంటే ముందు ఎక్కుదిగుడు గుర్తుకురావడంలో వింతలేదు.

ఈ పరికరాల పోలికను మనుషులకు అంటగట్టినవాళ్ళలో అడిసన్ ముందున్నాడు. 1712లో ‘స్పెక్టేటర్’ పత్రికలో ఆయన ఒక వయ్యారి గుండెను కోసి పరీక్షించినట్టు హాస్యవ్యాసం రాశాడు. ఆ గుండె చుట్టూ దొరికిన ద్రవాన్ని గాజుగొట్టంలో పోస్తే, ఈకల తురాయి, జరీకోటు దగ్గరికొచ్చినప్పుడు పైకెక్కిందట. మోటుబూట్లు, వంకర టోపాజుట్టు కనిపించగానే దిగిపోయిందట. అది పాదరసం కాదు, అప్పటి ఉష్ణమాపకాల్లో వాడే మద్యసారం వంటిదని ఆయనే చెప్పాడు. కాని పోలిక పోలికే. చదివి నవ్వుకున్నాను. తరవాత స్టెర్న్‌ను పక్కన పెట్టి చూస్తే నవ్వు కొంచెం తగ్గింది. దాదాపు అదే గుణం మతగురువులో కనిపిస్తే ప్రాణశక్తి, వయ్యారిలో కనిపిస్తే గొట్టంలో పోసి కొలవవలసిన వస్తువు. ఎంపిక సంఘం ముందు నేను ఆ మాటను ఒక మగవాడి గురించి రాసి ఉంటే ఎట్లా చదివేవారో నాకు తెలియదు. ఆ ప్రశ్న మాత్రం నన్ను వదలలేదు.

ఇక్కడ ఒక ప్రచారాన్ని ఆపాలి. ఈ విశేషణం పాదరసపు విషప్రభావం నుంచి పుట్టిందని కొందరు చెబుతుంటారు. టోపీలు చేసేవాళ్ళు బొచ్చును గట్టిపరచడానికి పాదరసపు నైట్రేటు వాడేవారు. దాని ఆవిరి పీల్చి వణుకు, బిడియం, చిరాకు, ఉన్నట్టుండి కోపం వచ్చేవి. అమెరికాలో టోపీల నగరంగా పేరుపొందిన కనెక్టికట్ రాష్ట్రపు డాన్‌బరీలో ఆ వణుకుకు ఊరి పేరే పెట్టారు. 1941లో గాని ఆ వాడకం ఇక్కడ ఆగలేదు. కథ నిజమే, బాధాకరమే. కాని మాటకు అది మూలం కాదు, కాలక్రమం ఒప్పుకోదు. టోపీ కార్మికుల జబ్బు వైద్యులకు తెలియడానికి చాలాముందే మాట వాడుకలో ఉంది, అదీ పొగడ్తగా ఉంది. లక్షణం చూసి పేరుకు వెనకనుంచి కథ అల్లడమే ఇది. పాదరసాన్ని మందుగా వాడటం మీద మాత్రం మాట నిజంగానే ఆధారపడింది: ‘మెర్క్యూరియల్’ అంటే నామవాచకంగా పాదరసపు మందు. 1804లో పడమటికి బయలుదేరిన లూయిస్, క్లార్క్ బృందం మందులపెట్టెలో ఆ జాతి విరేచన మాత్రలు వందల్లో ఉన్నాయి.

ఇప్పుడు మన వైపు వద్దాం. అసలు ఆశ్చర్యం నాకు ఇక్కడే ఎదురైంది. అమరకోశం పారదానికి ఇచ్చిన పర్యాయపదాల్లో మొదటిది ‘చపలం’. రస, సూత ఆ తరవాతివి. అదే నిఘంటువు ఇంకోచోట చపలాన్ని శీఘ్రం అన్న మాటకు పర్యాయంగా ఇస్తుంది, మరోచోట స్త్రీలింగంలో మెరుపుకు పేరుగా ఇస్తుంది. పిప్పలికి కూడా ఆ పేరుంది, నాలుక మీద దాని పని చూస్తే ఎందుకో ఊహించవచ్చు. రసశాస్త్రంలో ఇదే పేరుతో వేరే ఖనిజమూ ఉంది, నిప్పు తగలగానే కరిగిపోతుంది కనుక చపలమన్నారు. అంటే ఇంగ్లీషువాళ్ళు దేవుడినుంచి గ్రహానికి, గ్రహంనుంచి లోహానికి, లోహంనుంచి మనిషికి వచ్చి చేరిన చోటును సంస్కృతం ఒక్క అడుగులో చేరింది. వేగం, మెరుపు, పాదరసం, మనిషి మనసు అన్నింటికీ ఒకే విశేషణం. గ్రహం ప్రమేయమే లేదు.

మనసుకూ పాదరసానికీ ఉన్న ఈ చుట్టరికాన్ని యోగులు, రసవాదులు పట్టుకున్నారు. పదిహేనో శతాబ్దపు స్వాత్మారాముడు హఠయోగప్రదీపికలో, పాదరసానికీ మనసుకూ చాంచల్యం సహజగుణమని, రెంటినీ బంధించినవాడికి అసాధ్యం లేదని అంటాడు. రసశాస్త్రంలో పాదరసానికి మూర్ఛ ఉంది, బంధనం ఉంది, మరణం కూడా ఉంది. ప్రాణమున్న వెండి అన్న లాటిన్ ఊహకూ ఇక్కడి ఊహకూ ఎంత దగ్గరో గమనించండి. బతికున్నదానికే కదా చావు. తెలుగునేలకు ఈ విద్యతో దగ్గర సంబంధమే ఉంది. నిత్యనాథసిద్ధుడి రసరత్నాకరంలో శ్రీశైలం రససిద్ధికి క్షేత్రంగా కనిపిస్తుంది, పదిహేనో శతాబ్దంలో గౌరన శ్రీశైల మఠం ప్రోత్సాహంతో సిద్ధుల కథలను నవనాథచరిత్రగా ద్విపదలో రాశాడు. వేమన బంగారం చేసే విద్య వెంట పడ్డాడన్న ఐతిహ్యం అందరూ విన్నదే.

ఇంత చపలత్వం గుర్తించిన సంప్రదాయం నుంచి తెలుగులోకి వచ్చేసరికి ఒక విడాకు జరిగింది. ‘చపల’ అన్న మాట నీతివాక్యాల వైపు వెళ్ళింది. చపలచిత్తుడు, చాపల్యం అంటే మనకు వేగం గుర్తుకు రాదు, బలహీనత గుర్తుకొస్తుంది. జిహ్వచాపల్యం దగ్గర కాస్త నవ్వుతాం, మిగతాచోట్ల నవ్వం. లోహం పేరు మాత్రం ఆ నింద లేకుండా వేరే మాటగా వచ్చింది. పాదరసం అన్నది ‘పారదరసం’లో ఒక అక్షరం జారిపోగా మిగిలిన రూపమనిపిస్తుంది, జారగానే మనకు ‘పాదం’ వినిపించి, కాళ్ళున్న రసమన్న భావం కలిసింది. అందుకేనేమో తెలుగులో పాదరసం పరిగెత్తుతుంది. పాదరసంలాంటి బుర్ర, పాదరసంలా కదిలే పిల్ల. పట్టుకోబోతే పాదరసంలా జారాడన్నప్పుడు కూడా అందులో సగం మెచ్చుకోలే. పైకీ కిందికీ ఎక్కిదిగే పాదరసం మన పోలికల్లో లేదు, ఎందుకంటే మన ఇళ్ళ గోడలకు భారమాపకాలు ఎప్పుడూ వేలాడలేదు. ఇంగ్లీషువాళ్ళు జాన్సన్ దగ్గర వదిలేసిన అర్థం తెలుగువాళ్ళ వాడుకలో ఏ సంబంధమూ లేకుండా, స్వతంత్రంగా బతికి ఉంది. నేను ఉత్తరం రాసింది ఇంగ్లీషులోనే గాని అర్థం మాత్రం అమ్మ దగ్గరిది.

ఇంతకూ ఈ విశేషణాన్ని తెలుగులోకి ఎలా తేవాలి? ‘చంచలుడు’ అంటే ప్రతిభ ఎగిరిపోతుంది. ‘ఊసరవెల్లి’లో కపటం చేరుతుంది, ఇందులో కపటం లేదు. ‘పూటకో తీరు’ బాగుంది కాని అది చిరాకుతో అనే మాట. ‘నిలకడలేని’ అన్నదానికంటే ‘కుదురులేని’ నాకు నచ్చుతుంది. కుదురంటే గుండ్రటి అడుగున్న కుండ దొర్లకుండా కిందపెట్టే చుట్ట. కుదురు లేనంత మాత్రాన కుండ చెడ్డది కాదు, అందులో నీళ్ళూ తక్కువ కావు. ఏ క్షణాన ఎటు ఒరుగుతుందో తెలియదు, అంతే. ఇంగ్లీషు మాటలోని రెండు పొరలూ ఇందులో దాదాపుగా ఉన్నాయి. అటునుంచి ఇటు అనువదించేవాళ్ళకు ఇది పనికిరావచ్చు. ఇటునుంచి అటు వెళ్ళేటప్పుడు, పాదరసంలాంటి మనిషి అన్న మాటకు లోహంతో నిమిత్తం లేని ఇంగ్లీషు మాట ఏదైనా వాడటం క్షేమం.

మరుసటి ఏడాది ఆమె కోసం మళ్ళీ ఉత్తరం రాశాను. విశేషణాలు వెతకలేదు. రెండు రోజులుగా అందరం తలలు పట్టుకున్న ఒక లోపాన్ని ఆమె ఒక్క మధ్యాహ్నంలో ఎక్కడ పట్టుకుందో, ఎలా సరిచేసిందో, ఆ తరవాత మిగతావాళ్ళకు అర్థమయ్యేలా ఎంత ఓపికగా రాసిపెట్టిందో ఆరు వాక్యాల్లో చెప్పాను. పంపేముందు ఆమెకు చూపిస్తే చదివి, “ఈసారి మా నాన్నగారికి తెలుగులో చెప్పాలి, పాదరసం ఎక్కడికి పోయిందని అడుగుతారు,” అంది.